ఎవరో తీసిన రీళ్లు, ఫోర్గాచ్ కత్తెర

పుట్టినరోజులు, మంచు మీద ఆటలు, చంటిబిడ్డ స్నానం. రెండు ప్రపంచ యుద్ధాల నడుమ హంగేరీలో కాస్త కలిగినవాళ్లు ఇంటి కెమెరాలతో తీసుకున్నవి ఇవే. 1922లో ఫ్రాన్స్‌కు చెందిన పతే కంపెనీ ఇంట్లో వాడుకునే 9.5 ఎంఎం ఫిల్మ్ తెచ్చింది. యుద్ధం ముగిసి కమ్యూనిస్టుల పాలన వచ్చాక ఆ 'బూర్జువా' బతుకులకు అధికారిక చరిత్రలో చోటు దొరకలేదు. రీళ్లు ఇళ్లలోనే పడి ఉన్నాయి.

వాటిని వెతికి పోగుచేయడానికి 1983లో హంగేరీ కళాకారుడు పేటర్ ఫోర్గాచ్ బుడాపెస్ట్‌లో ఒక ఫౌండేషన్ పెట్టారు. 1988లో బార్తోష్ కుటుంబం రీళ్లతో 'ప్రైవేట్ హంగరీ' డాక్యుమెంటరీల వరస మొదలైంది. ఆయన్ను దర్శకుడనే అంటారు. కానీ కెమెరా పట్టింది వేరేవాళ్లు. ఆయన పనంతా ఎడిటింగ్ బల్ల దగ్గరే జరిగింది కాబట్టి, నా దృష్టిలో ఆయన ముందు ఎడిటరే.

ఆయన పనితనం 1996 నాటి 'ఫ్రీ ఫాల్'లో బాగా తెలుస్తుంది. సెగెడ్ పట్టణంలోని జ్యోర్జ్ పెతో అనే యూదుడు సరదాగా తీసుకున్న ఇంటి దృశ్యాలవి. వాటి మీద 1938 నుంచి హంగేరీ పార్లమెంటు చేసిన యూదు వ్యతిరేక చట్టాల పాఠాన్ని టిబోర్ సెమ్‌జో సంగీతంలో పాటగా వినిపిస్తారు. తెర మీది మనుషులు నవ్వుతూనే ఉంటారు. రాబోయేది వాళ్లకు తెలియదు, మనకు తెలుసు. ఫోర్గాచ్ ఆ నవ్వును నెమ్మదిగా నడిపిస్తారు, ఒక్కోసారి ఆపేస్తారు. 1944 మే 15 నుంచి జులై 9 లోపు హంగేరీ నుంచి 4,30,000 మందికి పైగా యూదుల్ని నాజీ శిబిరాలకు రైళ్లెక్కించారు. శవాల గుట్టలు చూపకుండానే ఆ లెక్క గుండెకు తగిలేలా చేశారాయన.

1997లో డచ్ యూదులైన పేరెబూమ్ కుటుంబం రీళ్లతో చేసిన 'మెయిల్‌స్ట్రామ్'లో ఒక రాత్రి ఉంది. తెల్లారితే ప్రయాణం. ఆడవాళ్లు బల్ల చుట్టూ కూర్చుని బట్టలు కుట్టుకుంటున్నారు. ఆ తర్వాత వాళ్లను చేర్చింది నాజీల మరణ శిబిరం ఆష్విట్జ్‌కి. నేను చూసిన యుద్ధ దృశ్యాల్లో దీనంత కలచివేసింది మరొకటి లేదు.

ఎక్కువ వాదనకు తావిచ్చేది మాత్రం 1998 నాటి 'డాన్యూబ్ ఎక్సోడస్'. నాందోర్ ఆంద్రాషోవిత్స్ అనే ఓడ కెప్టెన్ 8 ఎంఎం కెమెరాతో తీసిన రీళ్లవి. 1939లో ఆయన పాలస్తీనాకు బయల్దేరిన యూదుల్ని డాన్యూబ్ నది మీదుగా నల్ల సముద్రం వైపు చేరవేశారు. అప్పటి రొమేనియాలోని బెస్సరేబియాను సోవియట్లు కలిపేసుకున్నాక, 1940లో అక్కడి జర్మన్లను నది ఎగువకు తెచ్చారు. ఈ రెండిటినీ పక్కపక్కన పెట్టడమంటే రెండు బాధల్నీ ఒకటే అనడం కాదా? అలా అనిపించలేదు నాకు. ఫోర్గాచ్ తూకం వేయలేదు. ఒక డెక్ మీద ప్రార్థన చేస్తున్న యూదులు, ఇంకో డెక్ మీద ఊరొదిలి వస్తున్న రైతులు, కింద అదే నది.