‘వాడు మనిషే కాదు’: ఘానా బిల్లు వెనక ఉన్న పాత తగాదా

ఘానా పార్లమెంటులో స్వలింగ ప్రేమికులకి జైలు వేసే బిల్లు మళ్లీ తిరిగొచ్చింది. 2021లో పెట్టారు, 2024 ఫిబ్రవరి 28న సభ ఆమోదించింది, అప్పటి అధ్యక్షుడు అకుఫో-అడ్డో సంతకం పెట్టకుండానే దిగిపోయాడు, సభ గడువు తీరేసరికి బిల్లు మురిగిపోయింది, 2025లో కొత్త సభలో కొందరు ఎంపీలు దాన్ని దులిపి మళ్లీ తెచ్చారు. 2024లో ఆమోదించిన రూపంలో అయితే తాను స్వలింగ ప్రేమికుణ్ణని చెప్పుకుంటే 3 ఏళ్ల దాకా జైలు, అలాంటివాళ్ల కోసం సంఘం పెట్టినా డబ్బిచ్చినా 5 ఏళ్ల దాకా. బిల్లు పేరులోనే ‘ఘానా కుటుంబ విలువలు’ అని ఉంటుంది.

ఆ దేశంలో అకాన్ జనం దాదాపు సగం. అసాంతే, ఫాంతే, అచెమ్ లాంటి వాళ్లంతా అందులోకే వస్తారు. బంగారం, బానిసల వ్యాపారం, బ్రిటిష్ వాళ్లతో యుద్ధాలు, 1957 స్వాతంత్ర్యం, అదంతా ఎక్కడైనా దొరుకుతుంది, ఇక్కడ దాని జోలికి పోను. బిల్లు పేరెత్తగానే టీవీ చర్చల్లో వినపడే ఒక వాక్యం ఉంది చూడండి, ‘మాకు ముందు సమాజం, తర్వాతే వ్యక్తి, ఇదే ఆఫ్రికా నీతి’ అని, అది ఎక్కణ్ణుంచి వచ్చిందో చూస్తే చాలు, మిగతాదంతా దానంతటదే అర్థమవుతుంది.

అకాన్ భాషలో ‘ఒనిపా’ అంటే మనిషి. ఎవడైనా తల్లిని పస్తులుంచితేనో, ఊళ్లో చావు జరిగితే తొంగి చూడకపోతేనో ‘ఒన్యె ఒనిపా’ అంటారు, అంటే వాడు మనిషి కాదు అని. తెలుగువాళ్లకి ఇది విడమరిచి చెప్పక్కర్లేదు, ‘వాడసలు మనిషేనా’ అని మనం రోజుకోసారైనా అంటూనే ఉంటాం. ప్రశ్నల్లా ఒకటే: ఆ మాట అన్నప్పుడు వాడి నడతని తిడుతున్నామా, లేక మనుషుల లెక్కలోంచి వాణ్ణి తీసేస్తున్నామా?

ఈ ప్రశ్న మీద అసలు పంచాయితీ 1984లో మొదలైంది, మొదలుపెట్టింది అకాన్ మనిషి కూడా కాదు. ఇఫెయాన్యి మెన్కిటి నైజీరియాలో ఇగ్బో ఇంట పుట్టి, హార్వర్డ్‌లో జాన్ రాల్స్ దగ్గర చదువుకుని, వెల్స్లీ కాలేజీలో పాఠాలు చెప్పిన ఫిలాసఫీ మాస్టారు. కవి కూడా, తర్వాత్తర్వాత అమెరికాలోని కేంబ్రిడ్జ్‌లో మూతపడేలా ఉన్న ఓ కవిత్వం పుస్తకాల కొట్టుని కొని నడిపాడు. ఆయన ఆ ఏడు రాసిన చిన్న వ్యాసం సారం ఇదీ: ఆఫ్రికా ఆలోచనలో పుట్టగానే ఎవరూ పూర్తి మనిషి అయిపోరు, సమాజంలో పెరుగుతూ, బాధ్యతలు మోస్తూ, వయసుతో పాటు మనిషి అవుతారు, కొందరు ఫెయిల్ కూడా అవుతారు. కెన్యా పండితుడు ఎంబిటి 1969లో రాసిన ‘మనం ఉన్నాం కాబట్టి నేనున్నాను’ అనే మాటని ఆయన దీనికి పునాది చేసుకున్నాడు. సాక్ష్యంగా రెండు విషయాలు చూపించాడు. ఒకటి, పసిబిడ్డ పోతే పెద్దగా కర్మకాండలు ఉండవు, ముసలివాళ్లు పోతే ఊరంతా కదులుతుంది. రెండు, ఇంగ్లీషులో పసిపిల్లని ‘అది’ అనేస్తారు, పెద్దవాళ్లని అనరు.

ఈ రెండో సాక్ష్యం చదివినప్పుడు నాకు నవ్వొచ్చింది. ఆ లెక్కన మన భాషలో ‘అది వచ్చిందా, దానికి అన్నం పెట్టావా’ అని చెల్లెళ్ల గురించీ మరదళ్ల గురించీ మాట్లాడుకునే ఇళ్లల్లో ఆడవాళ్లెవరూ మనుషులు కారనాలి. ఘానాలో అకాన్ ఇంట పుట్టిన ఫిలాసఫీ మాస్టారు క్వామే జెచే దాదాపు ఇదే పట్టుకున్నాడు: మా భాషలో అతడు, ఆమె అనే తేడాయే లేదు, అందరికీ ఒకటే సర్వనామం, ఇంగ్లీషు వ్యాకరణంతో ఆఫ్రికా నీతిని కొలుస్తావేంటి అని.

జెచే దగ్గరికి వచ్చేముందు ఓ పాతికేళ్లు వెనక్కి వెళ్లాలి, ఎందుకంటే ‘ముందు సమాజం’ అనే మాట పుస్తకాల్లో ఉన్నంతకాలం ఎవరికీ నష్టం లేదు. స్వతంత్ర ఘానా మొదటి నాయకుడు ఎన్‌క్రుమా ప్రభుత్వంలో అది వేరే సంగతి. ఆఫ్రికా సంప్రదాయంలోనే సోషలిజం ఉంది, మనది కలిసి బతికే జాతి అని ఆయన సిద్ధాంతం. 1958లో విచారణ లేకుండా 5 ఏళ్ల దాకా జైల్లో పెట్టే చట్టం తెచ్చాడు, 1964లో రెఫరెండం పెట్టి దేశాన్ని ఒకే పార్టీ కిందికి తెచ్చాడు. జె.బి. డాంక్వా అని ఒక లాయరు ఉండేవాడు, అకాన్ల దేవుడి గురించి, నీతి గురించి 1944లోనే పుస్తకం రాసినవాడు, ఎన్‌క్రుమా ఎదుటి పక్షం నాయకుడు. ఆయన్ని ఆ చట్టం కిందే పట్టుకెళ్లారు. 1965 ఫిబ్రవరి 4న న్సావమ్ జైల్లోనే పోయాడు. అకాన్ నీతి మీద మొదటి పెద్ద పుస్తకం రాసిన మనిషి, ‘మనందరం ఒక్కటే’ అనే ప్రభుత్వం జైల్లో ప్రాణం వదిలాడు.

నన్నడిగితే మలుపు మాత్రం 1992. ఆ ఏడు జెచే, ఆయన తోటి పండితుడు క్వాసి విరెడు కలిసి కూర్చిన ఒక సంకలనం వచ్చింది, అందులో జెచే మెన్కిటికి నేరుగా జవాబిచ్చాడు. జెచే అకాన్ సామెతలు పట్టుకుని నడిచే రకం. ఒక సామెత చెబుతాడు: వంశం అడవి లాంటిది, దూరం నుంచి చూస్తే చెట్లన్నీ ఒకే ముద్దలా కనపడతాయి, దగ్గరికి వెళ్తే ఏ చెట్టు దాని చోటులో అది నిలబడి ఉంటుంది. ఇంకోటి అకాన్ల గుర్తుల్లో ఉండే రెండు తలల మొసలి. పొట్ట ఒకటే, అయినా రెండు తలలూ మేత కోసం కొట్టుకుంటాయి. పొట్ట ఒకటే కదా, ఎవరు తింటే ఏంటి, ఎందుకు గొడవ అని ఎవరైనా అడుగుతారు. జెచే మాత్రం, రెండు తలలు ఎందుకున్నాయో కూడా అడగండి అంటాడు, రుచి చూసేది నాలుక కదా, అది ఎవరిది వాళ్లదే.

అన్నిటికన్నా బరువైన సామెత మూడోది: మనుషులందరూ ఒన్యామె బిడ్డలే, నేల బిడ్డ ఒక్కరూ లేరు. ఒన్యామె అంటే దేవుడు. ప్రతి మనిషిలోనూ ఆయన ఇచ్చిన ‘ఓక్రా’ అనే అంశ ఉంటుందని అకాన్ నమ్మకం, అది పుట్టుకతోనే వస్తుంది, పెద్దమనుషులు సమావేశమై ఇచ్చేది కాదు. కాబట్టి ఒకడు నీతి తప్పితే ‘ఒన్యె ఒనిపా’ అనొచ్చు, అది తిట్టు, సర్దుకోమని చెప్పడం. ఆ తిట్టు పడ్డవాడికి గాని, పసిబిడ్డకి గాని, ఊరికి నచ్చని వాడికి గాని మనిషిగా దక్కాల్సింది పోదు. విరెడు ఈ మాటని రెండు ముక్కలుగా చెప్పేవాడు: మంచి మనిషి అనిపించుకోవడంలో మెట్లుంటాయి, మనిషిగా గౌరవం అందుకోవడంలో మెట్లు లేవు.

మెన్కిటి ఒప్పుకోలేదు. 2004లో మళ్లీ రాశాడు, అదీ విరెడు సంపాదకత్వంలో వచ్చిన పుస్తకంలోనే, మనిషి కావడం అనేది సాధించాల్సిందే అని.

ఇక ‘కుటుంబ విలువలు’ సంగతి. మానవశాస్త్రవేత్త మేయర్ ఫోర్టెస్ 1940ల్లో అసాంతే ఊళ్లలో చూసి రాసిన ఒక దృశ్యం ఉంది. పొద్దుగూకే వేళకి పిల్లలు నెత్తిన కూడు గిన్నెలు పెట్టుకుని వీధుల్లో పరిగెడుతుంటారు, అమ్మ ఇంటి నుంచి నాన్న ఇంటికి. చాలా ఊళ్లలో మొగుడూ పెళ్లాం ఎవరి పుట్టింట్లో వాళ్లు ఉండేవాళ్లు, వంట ఇటు, తిండి అటు. వంశం తల్లి వైపుది. పెత్తనం మేనమామది. మనిషి చనిపోతే ఆస్తి కొడుకులకి పోయేది కాదు, అక్కచెల్లెళ్ల పిల్లలకి పోయేది, భార్య చేతులూపుకుంటూ బయటికి వచ్చిన ఇళ్లు కోకొల్లలు. 1985లో వారసత్వ చట్టం మార్చి భార్యాపిల్లలకి వాటా పెట్టాల్సి వచ్చింది. అప్పుడు కూడా ఇది మన ఆచారం మీద దెబ్బ అని గోల చేసినవాళ్లున్నారు. ఇవాళ సభలో విలువల పేరుతో చూపిస్తున్న అమ్మానాన్నా ఇద్దరు పిల్లల కుటుంబం ఆ గిన్నెల వీధిలో ఎక్కడుందో నాకైతే కనపడలేదు.

బిల్లు పక్షం వాళ్లకి బలం లేదని కాదు. వాళ్లు చెప్పే ముఖ్యమైన మాట, మా జనంలో ఎక్కువమందికి ఇది ఇష్టం లేదు, బయటి దేశాలు డబ్బు ఆపుతామని బెదిరిస్తే మేం మారాలా అని. రెండో ముక్కలో న్యాయముంది. ఇంకో సంగతి కూడా ఒప్పుకోవాలి, జెచే సిద్ధాంతంలో ఒక సందు ఉంది. హక్కులుంటాయి గానీ సమాజం ప్రాణంగా చూసుకునే విలువకి హక్కు అడ్డొస్తే హక్కే తగ్గాలి అన్నట్టు ఆయన రాశాడు. మరి ఆ విలువేదో ఎవరు తేలుస్తారు? పేరుకి మధ్యేమార్గం అంటాడు గానీ చివరికి మెన్కిటి పక్కనే తేలాడని మటొలినో లాంటి తర్వాతి తరం పండితులు దుమ్మెత్తిపోశారు. జెచే, మెన్కిటి ఇద్దరూ 2019లోనే పోయారు, బిల్లు రాకముందే, కాబట్టి దీని మీద వాళ్ల నోట్లో మాటలు పెట్టడం నాకిష్టం లేదు.

ఒక్కటి మాత్రం జెచే, విరెడు రాతల్లోనే ఉంది. బిల్లు వెనక ఊపంతా చర్చిలది, మసీదులది. అకాన్ నీతి గురించి వాళ్లిద్దరూ ఏకీభవించిన విషయాల్లో ఒకటి, అది ఏ దేవుడి ఆజ్ఞ మీదా నిలబడ్డది కాదని. ఒక పని మంచిదా చెడ్డదా అనేది దానివల్ల మనుషులకి మేలా కీడా అని చూసి తేలుస్తారు. బంగారాన్ని పిలిచాను, పలకలేదు, బట్టని పిలిచాను, పలకలేదు, పలికేది మనిషే, అని ఇంకో సామెత.

2024 డిసెంబరులో సుప్రీంకోర్టు ఈ బిల్లు మీద వేసిన కేసులు కొట్టేసింది, ఇంకా చట్టమే కాలేదు కదా అని. చట్టమైతే మళ్లీ అదే కోర్టుకు వెళ్తారు. అప్పుడు బల్ల మీదికి వచ్చేది జెచే వ్యాసం వచ్చిన ఏడాదే, 1992లోనే, ఘానా రాసుకున్న రాజ్యాంగం. అందులో 26వ అధికరణం మొదటి క్లాజు, ప్రతి ఒక్కరికీ తమ సంస్కృతిని పాటించే హక్కుంది అంటుంది, బిల్లు మద్దతుదార్లకి అది కంఠస్థం. రెండో క్లాజు కూడా అంతే పొడవు: మనిషిని మనిషిగా చూడని, ఒంటికీ మనసుకీ హాని చేసే ఆచారాలన్నీ నిషిద్ధం.