నలభై వాట్ల బల్బు కింద మొదలైన పాట

హన్మకొండలో ఎవరితోనైనా "మా పిల్లలకు ఒక బ్యాండ్ ఉంది" అని చెప్పండి. "పెళ్లికి ఎంత తీసుకుంటరు?" అని అడుగుతారు. అందులో తప్పేమీ లేదు. మన దగ్గర బ్యాండ్ అంటే మొదటి నుంచీ బ్యాండు మేళమే. బరాత్ ముందు ట్రంపెట్, క్లారినెట్, తీన్మార్ దరువు. ఆ తర్వాత ఆర్కెస్ట్రాలు వచ్చాయి. వినాయక నవరాత్రులకు, ఫంక్షన్ హాళ్లలో రిసెప్షన్లకు సినిమా పాటలు పాడే బృందాలవి. నలుగురు స్నేహితులు కూర్చుని తామే మాటలు రాసుకుని, తామే బాణీ కట్టుకుని, తామే వాయిస్తూ పాడితే దాన్నీ బ్యాండ్ అంటారు. ఈ మూడో అర్థం మా ఊళ్లో ఇంకా కుదురుకోలేదు.

ఎందుకు కుదురుకోలేదన్నదే ఈ మధ్య మా ఇంట్లో నలుగుతున్న విషయం. మా అక్క కొడుకు బేస్ గిటార్ వాయిస్తాడు. కాజీపేటలో ఉండే ముగ్గురు మిత్రులతో కలిసి రెండేళ్ల కింద బ్యాండ్ పెట్టాడు. నయీంనగర్‌లో ఒక గది అద్దెకు తీసుకున్నారు. చప్పుడు ఎక్కువైందని ఇంటి ఓనరు ఖాళీ చేయించాడు. ఇంకో గదిలో మూడు నెలలు గడిచాయి. అంతలో గిటార్ వాయించే అబ్బాయికి బెంగళూరులో ఉద్యోగం వచ్చింది. అంతకుముందు నాకు తెలిసిన రెండు బ్యాండ్లదీ దాదాపు ఇదే కథ. చివరికి ప్రతిసారీ వినిపించే మాట ఒకటే: "వరంగల్‌ల ఇవి నడువయి, హైదరాబాద్ పోవాలె."

ఈ మాట నాకు మింగుడు పడదు. ఆల్టర్నేటివ్ రాక్ అని ఇవాళ అందరూ పిలిచే సంగీతానికి దారి వేసిన బ్యాండ్లలో ముఖ్యమైనది ఆర్.ఇ.ఎం. అది న్యూయార్క్‌లోనో లాస్ ఏంజెలిస్‌లోనో పుట్టలేదు. దాదాపు వరంగల్ లాంటి ఊళ్లో పుట్టింది. ఆ ఊరు వాళ్లకు ఏమిచ్చిందో, మన ఊరు మన పిల్లలకు ఏమివ్వలేకపోతోందో తెలియాలంటే ఆ బ్యాండ్ తొలి మూడు నాలుగేళ్లను కొంచెం దగ్గరగా చూడాలి.

ఆ ఊరి పేరు ఏథెన్స్. గ్రీసు దేశంలోది కాదు, అమెరికాలోని జార్జియా రాష్ట్రంలోది. రాష్ట్ర రాజధాని అట్లాంటా అక్కడికి సుమారు 110 కిలోమీటర్లు. మనకు హైదరాబాద్ 145. ఒకప్పుడు పత్తి మీద, నూలు మిల్లుల మీద బతికిన ఊరు. 1785 నాటి యూనివర్సిటీ దానికి గుండెకాయ. ఇదంతా చదువుతుంటే నాకు 1934లో మొదలైన ఆజంజాహి మిల్లు, ఏనుమాముల మార్కెట్ ముందు బారులు తీరే పత్తి బండ్లు, 1959లో పెట్టిన ఆర్ఈసీ (ఇప్పటి నిట్), 1976లో వచ్చిన కాకతీయ యూనివర్సిటీ కళ్లముందు కదిలాయి. రెండు ఊళ్లకూ ఏటా కొత్త పిల్లలు వేల సంఖ్యలో వస్తారు, అద్దె గదుల్లో సర్దుకుంటారు, చదువు అయిపోగానే వెళ్లిపోతారు.

అక్కడ కొత్త పాట ఇళ్లలో మొదలైంది. బి-52స్ అనే ఆ ఊరి బ్యాండ్ 1977 ఫిబ్రవరి 14న మొదటిసారి జనం ముందు వాయించింది ఒక ఇంట్లో జరిగిన పార్టీలోనే. ఆ మరుసటి ఏడాది, తర్వాత పైలాన్ బ్యాండ్‌లో డ్రమ్స్ వాయించిన కర్టిస్ క్రో, ఒక పాత భవనం పై అంతస్తులో మిత్రులను పోగేసి పాటల పార్టీ పెట్టాడు. ఆ జాగాలో వెలుతురంటే పైనుంచి వేలాడే ఒకే ఒక్క 40 వాట్ల బల్బు. అదే దాని పేరైంది, 40 వాట్ క్లబ్. ఎన్నో చోట్లు మారినా ఆ పేరుతోనే ఇప్పటికీ నడుస్తోంది. మొత్తం కథలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన ముక్క ఇది. ఆ కాలంలో మా ఇంటి వరండాలో వేలాడిందీ అలాంటి బల్బే.

అంటే ఆర్.ఇ.ఎం. వచ్చేసరికే ఆ ఊళ్లో కొత్త పాటకు చెవి ఒగ్గే జనం తయారై ఉన్నారు. బ్యాండ్ కన్నా ముందు వినేవాళ్లు పుట్టారు. మనం సాధారణంగా దీన్ని తలకిందులుగా అనుకుంటాం. గొప్ప బ్యాండ్ వస్తే జనం వాళ్లంతట వాళ్లే వస్తారనుకుంటాం.

ఇక ఆ నలుగురి సంగతి. పీటర్ బక్ వక్స్‌ట్రీ అనే రికార్డుల షాపులో పనిచేసేవాడు. మైకేల్ స్టైప్ యూనివర్సిటీలో చిత్రకళ చదువుతున్నాడు. బక్ తన కోసం పక్కన పెట్టుకున్న రికార్డులనే స్టైప్ వచ్చి కొనుక్కుపోతుంటే ఇద్దరికీ మాట కలిసింది. బేస్ వాయించిన మైక్ మిల్స్, డ్రమ్స్ వాయించిన బిల్ బెర్రీ ఇద్దరూ మేకన్ అనే ఊరి నుంచి చదువు కోసం వచ్చినవాళ్లు. బడి రోజుల్లో మొదట ఒకరంటే ఒకరికి పడేది కాదు, కలిసి వాయించడం మొదలుపెట్టాకే స్నేహమైంది. గిటార్ విషయంలో బక్ అప్పటికి ఇంకా నేర్చుకుంటున్నవాడే. మొత్తం మీద ఆ గుంపులో మహా విద్వాంసులంటూ ఎవరూ లేరు.

బక్, స్టైప్ అద్దెకు ఉన్నది ప్రార్థనలు ఆగిపోయిన ఒక పాత చర్చిలో. 1980 ఏప్రిల్ 5న, ఒక స్నేహితురాలి పుట్టినరోజు నాడు, ఆ చర్చిలోనే నలుగురూ మొదటిసారి జనం ముందు నిలబడ్డారు. పాత పాటలు కొన్ని, సొంతవి కొన్ని వాయించారు. బ్యాండ్ పేరు ఆ తర్వాత స్టైప్ నిఘంటువు తెరిచి, కంటికి తగిలిన చోట ఏరుకున్నది. ఆ చర్చిని 1990లో కూల్చేశారు, గోపురం ఒక్కటే మిగిలింది.

కొన్నాళ్లకు నలుగురూ చదువు వదిలేసి ఊళ్లు తిరగడం మొదలుపెట్టారు. ఇక్కడ ఒక మాట చెప్పాలి. చదువు మానేయమని నేను ఎవరికీ చెప్పను. మన ఇళ్లలో ఒక్కో బీటెక్ సీటు వెనక ఎంత అప్పు, ఎంత టెన్షన్ ఉంటుందో నాకు తెలుసు. నేను చూడమనేది వాళ్లు తిరిగిన తీరును. పాత నీలం రంగు వ్యాను, దాన్ని నడిపే మేనేజరు జెఫర్సన్ హోల్ట్, తిండికి మనిషికి రోజుకు రెండు డాలర్లు. అమెరికా దక్షిణాదిలోని చిన్న చిన్న ఊళ్లు, చిన్న చిన్న బార్లు. ఒక రాత్రి వచ్చినవాళ్లు రెండోసారి తోటివాళ్లను వెంటబెట్టుకుని వచ్చేవాళ్లు.

1981 ఏప్రిల్‌లో మిచ్ ఈస్టర్ అనే సంగీతకారుడి దగ్గర తొలి సింగిల్, అంటే ఒక్క పాట కోసం వేసే చిన్న రికార్డు, చేశారు. అతని స్టూడియో నార్త్ కరోలినాలో, అమ్మానాన్నల ఇంటి గ్యారేజీలో ఉండేది. హిబ్-టోన్ అనే చిన్న కంపెనీ ఆ జులైలో వెయ్యి కాపీలు వేసింది. అందులో 600 కాపీలను ప్రచారం కోసం ఊరికే పంచిపెట్టారు. పెద్ద రేడియో స్టేషన్లు వేయని ఇలాంటి పాటలను వేసింది విద్యార్థులే నడిపే కాలేజీ రేడియోలు. ఆ సంవత్సరపు పది మంచి సింగిల్స్‌లో ఒకటిగా న్యూయార్క్ టైమ్స్ దాన్ని ఎంచింది. ఆర్‌సీఏ లాంటి పెద్ద కంపెనీ పిలిచినా కాదనుకుని, 1982లో ఐ.ఆర్.ఎస్. అనే చిన్న లేబుల్‌తో, అంటే రికార్డు కంపెనీతో, సంతకం చేశారు. ఆ ఆగస్టులో ఐదు పాటల ఈపీ, అంటే ఆల్బం కన్నా చిన్న రికార్డు, వచ్చింది.

మొదటి పూర్తి ఆల్బం దగ్గర జరిగింది మన పిల్లలందరూ తెలుసుకోవాలి. లేబుల్ వాళ్లు రికార్డింగ్ నడిపించడానికి స్టీఫెన్ హేగ్ అనే నిర్మాతను కుదిర్చారు. ఆయనకు ప్రతిదీ లెక్కకు కచ్చితంగా ఉండాలి. డ్రమ్స్ వాయించే బెర్రీ చేత ఒకే పాటను మళ్లీ మళ్లీ వాయించారు. ఆ పైన వీళ్లను అడగకుండానే కీబోర్డులు కలిపారు. అది మా పాటలా లేదు అని నలుగురూ బెంగపడి, మాకు ఈస్టరే కావాలని లేబుల్‌ను అడిగి తెచ్చుకున్నారు. ఈస్టర్, డాన్ డిక్సన్ కలిసి 1983 మొదట్లో ఆ ఆల్బం చేశారు. ఏప్రిల్‌లో వచ్చిన ఆ మర్మర్ ఆల్బంలో స్టైప్ పాడే మాటలు సగం అర్థం కావు, గొంతును వాద్యాలతో సమానంగా కిందికి దించి కలిపారు. అయినా రోలింగ్ స్టోన్ పత్రిక ఆ ఏడాది ఉత్తమ ఆల్బం అదే అంది. మైకేల్ జాక్సన్ థ్రిల్లర్ కూడా దాని వెనకే నిలిచింది. అమ్మకాల పట్టికలో మాత్రం అది 36వ స్థానం దాటలేదు. ఏడాది చివరికి అమ్ముడైనవి రెండు లక్షల కాపీలు. అమెరికా లెక్కలో అది పెద్ద అంకె కాదు.

మొదటి టాప్ టెన్ పాట 1987లో వచ్చింది, అంటే చర్చిలో వాయించిన ఏడేళ్లకు. ప్రపంచమంతా పేరు మోగింది 1991లో. ఈ మధ్యలో 1985 నాటి ఆల్బం కోసం లండన్ చలిలో కూర్చుని కూడా వాళ్లు పాడింది తమ ఊరి వైపు ముసలివాళ్ల గురించి, రైళ్ల గురించి. కాజీపేట జంక్షన్ పక్కన పెరిగిన పిల్లలకు రైలు మీద ఒక్క పాటైనా తోచలేదా అని మా వాడిని అడిగాను. మా వాడి బ్యాండ్ మొదటి నాలుగు పాటలూ ఇంగ్లీషులో ఉండేవి.

ఇంకొకటి. పాట ఎవరు కట్టినా పేరు నలుగురిదీ ఉండేది. ఏ పనైనా నలుగురూ ఒప్పుకుంటేనే చేసేవారు. 1997లో బెర్రీ వెళ్లిపోయినప్పుడు కూడా గొడవలు లేవు, మిగిలిన ముగ్గురూ 2011 వరకు కొనసాగారు. నాకు తెలిసిన రెండు బ్యాండ్లలో ఒకటి విడిపోయింది, యూట్యూబ్‌లో పెట్టిన పాట కింద ఎవరి పేరు ముందు ఉండాలన్న తగాదాతోనే.

ఏడేళ్లు అన్నాను కదా. మన ఇంజనీరింగ్ నాలుగేళ్లు. ఢిల్లీలో సుస్మిత్ సేన్, అషీమ్ చక్రవర్తి 1990లో మొదలుపెట్టిన ఇండియన్ ఓషన్ బ్యాండ్‌కు మొదటి ఆల్బం 1993లో వచ్చింది, దేశమంతా చేరిన కందిసా ఆల్బం 2000లో గానీ రాలేదు. ఎక్కడైనా ఈ పనికి ఇంత కాలం పడుతుంది. మన దగ్గర బ్యాండ్ వయసు బీటెక్ వయసుతో ముడిపడి ఉంది. ఫెస్టుతో పుడుతుంది, ప్లేస్‌మెంట్లతో పోతుంది.

ఫెస్టుల గురించి కొంచెం చెప్పాలి. నిట్‌లో జరిగే స్ప్రింగ్ స్ప్రీ లాంటి పండుగలు ఈ ఊరి పిల్లలకు గిటార్ చప్పుడును దగ్గర చేశాయి, ఆ మేలు మరిచిపోకూడదు. కానీ ఫెస్టు స్టేజీ ఏడాదికి ఒక్క రాత్రి. పోటీలో దిగినవాడు జనానికి తెలిసిన పాటే ఎంచుకుంటాడు. తెలియని పాటను రెండోసారి, మూడోసారి వినే అవకాశం అక్కడ లేదు. సొంత పాటకు కావలసింది ఆ మూడోసారే.

సొంత పాట మనకు కొత్త అని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. ఒగ్గు బృందాన్ని చూడండి. కథ నడిపే ప్రధాన కథకుడు, వంత పలికేవాళ్లు, డోలు, తాళాలు. నలుగురైదుగురు ఊరూరా తిరుగుతూ రాత్రంతా జనాన్ని కూర్చోబెడతారు. 1970లలో జననాట్య మండలి, ఆ తర్వాత తెలంగాణ ఉద్యమంలో ధూంధాం బృందాలు ఊళ్లలో ఎవరింట్లో అన్నం పెడితే అక్కడ తిని, కొత్త పాటలు కట్టి పాడాయి. ఆ నీలం వ్యాను తిరుగుడుకు ఇవేమీ తీసిపోవు. అయితే ఆ పాటకు వేదికనిచ్చింది ఉద్యమం. ఉద్యమం చల్లబడ్డాక ఆ వేదికలూ తగ్గాయి. ఉద్యమంతోగానీ దేవుడితోగానీ పెళ్లితోగానీ సంబంధం లేకుండా, ఊరికే ఒక కుర్రాడి గుబులు గురించి పాడే పాటకు మాత్రం ఎప్పుడూ జాగా లేదు.

సినిమా ఉండనే ఉంది. హైదరాబాద్‌లో చౌరస్తా బ్యాండ్ తెలుగులో సొంత పాటలతో ఎంతోమందిని చేరింది. అందులో పాడిన రామ్ మిర్యాల తర్వాత సినిమా పాటల వైపు వెళ్లారు. దాన్ని నేను తప్పు పట్టను, తెలుగులో పాటకు డబ్బులొచ్చే దారి అదొక్కటే పెద్దది.

మన ఊళ్లో వేదికలే లేవా అంటే ఉన్నాయి. పబ్లిక్ గార్డెన్‌లో నేరెళ్ల వేణుమాధవ్ కళాప్రాంగణం ఉంది. 2024లో కాళోజీ కళాక్షేత్రం తెరిచారు, వెయ్యి మందికి పైగా పడతారు. చూసినప్పుడు నా గుండె నిండింది. కానీ మొదటి పాట కట్టిన నలుగురు పిల్లలకు వెయ్యి కుర్చీలు ఏం చేసుకోవాలి? వాళ్లకు కావలసింది ముప్పై మంది పట్టే గది. వారం వారం తెరిచి ఉండాలి. అద్దె పిల్లల జేబుకు అందాలి. తొమ్మిది దాకా చప్పుడును ఓర్చుకునే ఇరుగు పొరుగు ఉండాలి. యూట్యూబ్, రీల్స్ ఉన్నాయి కదా అంటారు. అక్కడ వినేవాడు ఎవరో తెలియదు, పాట మధ్యలో వాడి ముఖం కనబడదు, వచ్చే వారం మళ్లీ వస్తాడన్న నమ్మకం లేదు.

పోయిన నెల మా అక్క కొడుకు ఫోన్ చేశాడు. సుబేదారిలో ఒక ట్యూషన్ సెంటర్ ఆదివారాలు ఖాళీగా ఉంటుందట. "మామా, ఎనిమిది దాకా ఇస్త అన్నడు. డ్రమ్స్ మాత్రం తేవద్దన్నడు." డ్రమ్స్ వాయించే అబ్బాయి కంజీర, తాళాలు తెచ్చుకున్నాడు. బెంగళూరు వెళ్లిన అబ్బాయి బదులు కాకతీయ యూనివర్సిటీలో చదివే ఒక అమ్మాయి గిటార్ పట్టింది. మొదటి ఆదివారం పదకొండు మంది వచ్చారు, అందులో నేనూ మా అక్కా ఉన్నాం. రెండో ఆదివారం పంతొమ్మిది మంది. తెలుగులో కట్టిన పాట ఒకటే ఉంది వాళ్ల దగ్గర. రెండో వారం దాన్ని రెండుసార్లు పాడించుకున్నారు.