బెయిల్ ఇప్పించాడా, హ్యాండ్ ఇచ్చాడా? ఇంగ్లిష్ స్లాంగ్: అపోహలు - వాస్తవాలు

ఇంగ్లిష్ సినిమాలకు, సిరీస్‌లకు తెలుగు సబ్‌టైటిల్స్ రాయడం నా పని. స్క్రిప్టు చేతికి రాని రోజు చెవే ఆధారం. కొత్తగా ఈ పనిలోకి వచ్చినవాళ్ల నోట, ఇంగ్లిష్ నేర్చుకునేవాళ్ల నోట కొన్ని మాటలు పదేపదే వింటుంటాను. వాటి గురించే ఇది.

అపోహ: ఒకేలా వినబడితే ఒకే మాట. అర్థం కాస్త అటూ ఇటూ అవుతుంది, అంతే.

ఎక్కువ తప్పులు ఇక్కడే జరుగుతాయి. మొదటి రోజుల్లో నేనూ చేశాను. ఒక సీన్‌లో అమ్మాయి కళ్లనీళ్లతో 'హీ బెయిల్డ్ ఆన్ మీ' అంటుంది. 'నాకు బెయిల్ ఇప్పించాడు' అని రాసేశాను. తప్పులు చూసే సహోద్యోగి ఫైలు వెనక్కి పంపి, 'బెయిల్ ఇప్పిస్తే ఆ పిల్ల ఎందుకు ఏడుస్తోంది?' అని అడిగింది. నిజానికి వాడు సమయానికి హ్యాండ్ ఇచ్చి పోయాడు. అదే 'బెయిల్డ్ మీ అవుట్' అని ఉంటే కష్టంలో ఆదుకున్నాడని. పక్కనున్న 'ఆన్', 'అవుట్' అనే చిన్న మాటలే అర్థాన్ని తలకిందులు చేశాయి. ఇదే శబ్దంతో ఇంకో మాట కూడా ఉంది, స్పెల్లింగే వేరు. దాని అర్థం పత్తి బేలు, గడ్డి మోపు. విమానం నుంచి ప్యారాచూట్‌తో దూకడాన్ని బ్రిటిష్ వాళ్లు చాలాసార్లు ఆ రెండో స్పెల్లింగ్‌తోనే రాస్తారు.

'స్లే' కూడా అంతే. ఎస్, ఎల్, ఏ, వై అని రాస్తే నిఘంటువు అర్థం చంపడం, స్లాంగ్‌లో ఇరగదీయడం. అదే శబ్దానికి ఇంకో స్పెల్లింగ్ ఉంటే మంచు మీద జారే బండి. తెలుగు లిపిలో అన్నీ ఒకేలా కనబడతాయి కాబట్టి, వినగానే తెలుగులో నోట్ చేసుకునే అలవాటున్నవాళ్లు ఇంకాస్త జాగ్రత్త పడాలి. నేనైతే స్పెల్లింగ్ తేలేదాకా ఆ చోట ఖాళీ వదిలేస్తాను.

నాకు బాగా ఇష్టమైన జంట 'సస్'. ఒకే ఎస్‌తో ముగిస్తే 'అనుమానంగా ఉంది' అని. మన భాషలో 'వ్యవహారం ఏదో తేడాగా ఉంది' అంటామే, అది. 2020లో అమాంగ్ అస్ అనే వీడియో గేమ్ పుణ్యమా అని ప్రపంచమంతా పాకింది. చివర రెండు ఎస్‌లు పెట్టి, పక్కన 'అవుట్' చేరిస్తే పసిగట్టడం. ఒకటి అనుమానం, ఇంకొకటి ఆ అనుమానం తీరడం. రెండూ ఒకే వేరు నుంచి వచ్చినవే. బ్రిటన్‌లో 1824 నాటి ఒక చట్టం కింద కేవలం అనుమానం మీద పోలీసులు మనుషులను అరెస్టు చేయగలిగేవారు. జనం దాన్ని 'సస్ లా' అనేవారు. ఎంతో నిరసన తర్వాత 1981లో ఆ నిబంధన రద్దయింది. ఆ కాలపు కథలో 'సస్' వినబడితే అది ఇప్పటి పిల్లల సరదా మాట కాదు, ఒక భయం. అక్కడ 'తేడాగా ఉంది' అని రాస్తే కథకే అన్యాయం.

అపోహ: నిఘంటువులో ఉంటే మంచి మాట, లేకపోతే స్లాంగ్.

నిఘంటువు మాటలకు క్యారెక్టర్ సర్టిఫికెట్ ఇవ్వదు. జనం వాడుతున్న మాటను నమోదు చేసి, పక్కన 'స్లాంగ్' అనో 'వాడుక' అనో 'అసభ్యం' అనో గుర్తు పెడుతుంది. ఆ గుర్తు చూడకుండా అర్థం మాత్రమే తీసుకుంటే ఎక్కడ వాడకూడదో తెలియదు. ఫ్రాన్సిస్ గ్రోస్ అనే ఆయన 1785లోనే ఇలాంటి బజారు మాటలకు ప్రత్యేకంగా ఒక నిఘంటువు వేశాడు. స్లాంగ్ ఎప్పటికీ స్లాంగ్‌గానే ఉండిపోదు కూడా. 'మాబ్' (అల్లరి మూక) అనేది ఒక లాటిన్ పదబంధాన్ని కత్తిరించి చేసిన మాట. 1710లో, 'గలివర్స్ ట్రావెల్స్' రచయిత జొనాథన్ స్విఫ్ట్ ఇలాంటి కత్తిరింపులు భాషను పాడుచేస్తున్నాయని మండిపడ్డాడు. ఇవాళ అదే మాట పత్రికల్లో ఏ అడ్డూ లేకుండా వస్తోంది.

అపోహ: స్లాంగ్ మాటలన్నీ పొడి అక్షరాలు కలిపి చేసినవి.

'బే' అంటే 'బిఫోర్ ఎనీవన్ ఎల్స్' అని చాలామంది నమ్ముతారు. అది 'బేబీ', 'బేబ్' లాంటి ముద్దుమాటలకు కురచ రూపం. అక్షరాల కథ తర్వాత అతికించింది. పి, హెచ్‌తో మొదలయ్యే 'ఫ్యాట్' అంటే స్లాంగ్‌లో అదిరిపోయింది అని. లావుకు సంబంధం లేదు, దానికి చెప్పే పొడి అక్షరాల కథా కల్పితమే.

'గోట్' మాత్రం నిజంగా అక్షరాల మాటే. 'గ్రేటెస్ట్ ఆఫ్ ఆల్ టైమ్', అంటే ఆల్‌టైమ్ నంబర్ వన్. ఇక్కడో చిక్కుంది. పాత అమెరికన్ క్రీడా వార్తల్లో 'గోట్' అంటే జట్టు ఓటమికి నింద మోసిన ఆటగాడు, మన బలిపశువు లాంటివాడు. రెండూ నామవాచకాలే, రెండూ ఆటగాళ్ల గురించే. కాబట్టి వ్యాకరణం సాయం చేయదు. కథ ఏ ఏడాదిలో జరుగుతోందో చూసుకోవాల్సిందే.

అపోహ: స్లాంగ్‌ను తెలుగులోకి తేలేం, ఇంగ్లిష్ మాటే ఉంచేయాలి.

తేవచ్చు. 'హ్యాండిచ్చాడు', 'ఇరగదీసింది', 'కేక', 'తేడాగా ఉంది' ఇవన్నీ మన దగ్గరే ఉన్నాయి. కానీ పలికే మనిషి వయసు చూడాలి. పదహారేళ్ల పిల్ల 'స్లే' అంటే 'ఇరగదీశావే' సరిగ్గా సరిపోతుంది. అదే మాట డెబ్బై ఏళ్ల పెద్దావిడ మనవరాలిని మెచ్చుకుంటూ అంటే, పిల్లల మాటను ముచ్చటపడి అరువు తెచ్చుకున్నట్టు వినబడాలి. అలాంటి చోట నేను 'మీ భాషలో చెప్పాలంటే ఇరగదీశావే' అని రాస్తాను. తెర మీద ఆ వాక్యానికి రెండు క్షణాలే ఉంటే 'మీ భాషలో' అన్నది ఉంచి, మిగతాది కుదిస్తాను.