‘నరకం’ ముందు తీసిందెవరు?

ఇటలీ మహాకవి దాంతే రాసిన ‘నరకం’ కావ్యాన్ని ముందుగా తెరకెక్కించిన ఘనత ఎవరిది? మూకీల మాట వచ్చినప్పుడల్లా ఈ తగాదా మళ్ళీ రాజుకుంటుంది. 1911లో ఇటలీలో ఆ కావ్యం మీద రెండు సినిమాలు వచ్చాయి. తేదీలే లెక్కయితే రోమ్ దగ్గరి వెల్లెత్రి ఊరికి చెందిన హీలియోస్ సంస్థదే పైచేయి. మిలానో ఫిల్మ్స్ వాళ్ళ చిత్రం ఆ తర్వాత, మార్చి 10న నేపుల్స్‌లోని మెర్కదాంతె నాటకశాలలో తొలి ప్రదర్శనకు వచ్చింది.

అయితే ఈ తగాదా పుట్టింది 1911లో కాదు, 1909లో. ఆ ఏడాది మిలాన్‌లో జరిగిన సినిమా పోటీలో సాఫీ-కొమేరియో సంస్థ తాను తీస్తున్న ‘నరకం’లోంచి కొన్ని దృశ్యాలు చూపించింది. తర్వాత మిలానో ఫిల్మ్స్ అయింది ఈ సంస్థే. పని సగంలో ఉండగానే గుట్టు బయటపడిందన్నమాట. మిగతాది దర్శకులు బెర్తొలీని, పదొవాన్, దె లిగ్వోరో పూర్తిచేసే సరికి ఏడాది దాటింది. ఈలోగా హీలియోస్ పావుగంట బొమ్మ చుట్టేసి జనంలోకి వదిలేసింది.

దాంతే 1321లోనే కన్నుమూశాడు, ఆయన కావ్యం ఎవరి సొత్తూ కాదు. హీలియోస్ పక్షాన చెప్పదగ్గ మాట ఇదే, అది కాదనలేం కూడా. కానీ కావ్యం అందరిదైనా, దాని మీద పడ్డ చెమట అందరిదీ కాదు.

మిలానో చిత్రం గంటకు పైగా నడుస్తుంది. ఒక్క రీలు బొమ్మలకు అలవాటుపడ్డ ఆ కాలానికి అది సాహసమే. ఆ కావ్యానికి ఫ్రెంచి చిత్రకారుడు గుస్తావ్ డోరే గీసిన బొమ్మలను ముందు పెట్టుకుని దృశ్యాలు కూర్చారు. తెగిన తన తలను నరకంలోని పాపి బెర్త్రాన్ లాంతరులా చేత్తో ఎత్తి పట్టుకునే చోట, ట్రిక్కు అని తెలిసినా ఒళ్ళు జలదరిస్తుంది. గాలిలో కొట్టుకుపోయే ప్రేమికులు ఒక ఫిల్ము మీద మరో బొమ్మ ఎక్కించడం వల్ల తేలుతారు. ఇలాంటివి వారం రోజుల్లో అయ్యే పనులు కావు.

ఇటలీలో ఈ చిత్రం పంపిణీ హక్కులు గుస్తావో లొంబార్దో ఒక్కడే తీసుకుని, దాన్ని మామూలు బొమ్మలా కాక గొప్ప కళాసంఘటనగా ఊరూరా నడిపించాడు. జనానికి గుర్తుండిపోయింది ఇదే.

ఒకే కథ కోసం రెండు సంస్థలు పోటీపడడం అంతటితో ఆగలేదు. 1913లో ఇటలీ రచయిత మాన్జోని నవల ‘పెళ్ళి నిశ్చయమైనవారు’ వంతు వచ్చింది. అంబ్రోజియో, పస్క్వాలి సంస్థలు రెండూ టురిన్‌వే. అదే ఏడాది చెరొక సినిమాతో అవి బరిలోకి దిగాయి.