బిల్లు పడని కాంట్రాక్టర్లకు: కోర్టుల గురించి అపోహలు - వాస్తవాలు

రోడ్డు వేసి, ఎం-బుక్‌లో (శాఖ కొలతల పుస్తకం) కొలతలు ఎక్కించి, బిల్లు అప్‌లోడ్ అయి టోకెన్ నంబర్ కూడా వచ్చాక నెలల తరబడి డబ్బులు పడకపోవడం మన రెండు రాష్ట్రాల్లో చిన్న కాంట్రాక్టర్లకు అలవాటైపోయిన టెన్షనే. ఇలాంటి కేసులతో వచ్చేవాళ్ల ఫోన్లలో పని ఫొటోలు బోలెడుంటాయి, బాకీ ఉన్నామని శాఖ సంతకం పెట్టి ఇచ్చిన కాగితం మాత్రం ఉండదు. కేసు సగం తేలేది ఆ కాగితం దగ్గరే.

అపోహ: సర్కారు సొమ్ము ఎక్కడికి పోతుంది, ఎప్పుడైనా అడగొచ్చు.

పోతుంది. చెల్లించాల్సిన తేదీ ఒప్పందంలో లేకపోతే, 1963 లిమిటేషన్ చట్టం ప్రకారం పని పూర్తయిన రోజు నుంచి 3 ఏళ్లలోపు దావా వేయాలి. (అదే ప్రభుత్వం మీ మీద దావా వేయాలంటే 30 ఏళ్లు టైముంది, అది వేరే సంగతి.) "మధ్యలో చాలా రిమైండర్లు పెట్టాను సార్" అంటారు. మీరు రాసిన ఉత్తరాలతో గడువు పెరగదు, వాళ్లు రాస్తేనే పెరుగుతుంది. 3 ఏళ్లు దాటకముందే ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజినీర్) తన అధికార హోదాలో సంతకం పెట్టి "మీ ఫైనల్ బిల్లు పెండింగ్‌లో ఉంది, బడ్జెట్ విడుదల కాగానే చెల్లిస్తాం" అని రెండు ముక్కలు రాసిచ్చినా సెక్షన్ 18 కింద ఆ తేదీ నుంచి లెక్క మళ్లీ మొదలవుతుంది. ఎప్పుడిస్తారో చెప్పకపోయినా ఫర్వాలేదు. ఛాంబర్‌లో కూర్చోబెట్టి టీ ఇప్పించి చెప్పిన మాటకు మాత్రం విలువ లేదు. గడువు దాటాక రాయించుకున్న ఇలాంటి ఉత్తరం కూడా సెక్షన్ 18 కింద పనికిరాదు.

అపోహ: హైకోర్టులో రిట్ వేస్తే చాలు.

రిట్ అంటే ప్రభుత్వాన్ని ఆదేశించమని నేరుగా హైకోర్టును కోరే పిటిషన్. కొన్ని కేసుల్లో నిజంగానే అది చాలు. ఒప్పందాల వ్యవహారమైనా ప్రభుత్వం అన్యాయంగా ప్రవర్తిస్తే రిట్ వినొచ్చని 2003 డిసెంబరులో ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2021 అక్టోబరులో ఉపాధి హామీ పనుల బకాయిలను 12 శాతం వడ్డీతో చెల్లించమని ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆదేశించింది కూడా. కానీ అదే 2021లో, పూనా హిందా కేసులో, బిల్లు మొత్తం మీదే వివాదం ఉన్నప్పుడు దాన్ని రిట్‌లో తేల్చడం కుదరదని సుప్రీంకోర్టు తేల్చేసింది. అంటే కొలతలు ఒప్పుకుని, బిల్లు పాస్ చేసి, నిధుల్లేక ఆపితే రిట్‌కి బలం ఉంటుంది. నాణ్యత బాలేదనో, కొలతల్లో తేడా ఉందనో ఫైల్లో రాసుంటే సివిల్ కోర్టుకో, ఒప్పందంలో ఆర్బిట్రేషన్ (కోర్టు బయట మధ్యవర్తి తీర్పు) క్లాజ్ ఉంటే అక్కడికో వెళ్లాల్సిందే. ఫీజు తక్కువని రిట్ వేసి, అది కొట్టేసేలోపు దావా గడువు పోగొట్టుకోకండి. ఇంకోటి, ఆర్డర్ వచ్చాక అమలు చేయకపోతే ధిక్కరణ పిటిషన్ ఏడాదిలోపే వేయాలి. గెలిచాం కదా అని ఊరుకునేవాళ్లు ఇక్కడే దెబ్బతింటారు.

అపోహ: ఈఈకి లాయర్ నోటీసు పంపాం, దావాకి అది సరిపోతుంది.

సరిపోదు. రాష్ట్ర ప్రభుత్వం మీద దావాకి సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) సెక్షన్ 80 నోటీసు ప్రభుత్వ కార్యదర్శికో జిల్లా కలెక్టర్‌కో అందాలి, ఆపై 2 నెలలు ఆగాలి. మరీ అత్యవసరమైతే కోర్టు అనుమతితో ముందే వెళ్లొచ్చు. ఆ 2 నెలలు గడువు లెక్కలోంచి తీసేస్తారు కాబట్టి కంగారు అక్కర్లేదు.

అపోహ: ఉద్యం (చిన్న సంస్థల) రిజిస్ట్రేషన్ ఉంటే మూడు రెట్ల వడ్డీ గ్యారంటీ.

2006 ఎంఎస్ఎంఈ చట్టంలో 45 రోజులు దాటితే ఆర్‌బీఐ ప్రకటించే బ్యాంక్ రేటుకి మూడు రెట్ల చక్రవడ్డీ ఉన్న మాట వాస్తవమే. సరుకు సప్లై చేసినవాళ్లకి మంచి ఆయుధం. రోడ్లు, భవనాల్లాంటి వర్క్స్ కాంట్రాక్టులు మాత్రం దీని కిందికి రావని బాంబే హైకోర్టు లాంటివి చెప్పాయి. కాబట్టి ఈ చట్టం కింద బకాయిల ఫిర్యాదులు వినే ఒక్క కౌన్సిల్‌నే నమ్ముకుని కూర్చోవద్దు.

అపోహ: నోటిమాట మీద చేసిన అదనపు పనికి పైసా రాదు.

కాంట్రాక్ట్ చట్టం సెక్షన్ 70 ఉంది. ఉచితంగా చేసే ఉద్దేశం లేకుండా చేసిన పనిని ప్రభుత్వం తీసుకుని వాడుకుంటే పరిహారం ఇవ్వాలని బి.కె. మండల్ కేసులో సుప్రీంకోర్టు ఎప్పుడో చెప్పింది. అయితే చేయమన్నది ఎవరో, వాడుకున్నది ఎవరో రుజువు చేసే భారం మీదే. సైట్ ఆర్డర్ బుక్‌లో ఏఈ (అసిస్టెంట్ ఇంజినీర్) రాసిన ఒక్క లైను ఉన్నా పని చాలా తేలికవుతుంది.

అపోహ: "ఇక క్లెయిములేమీ లేవు" అని సంతకం పెడితే కథ అయిపోయినట్టే.

ఒత్తిడి మీద పెట్టిన సంతకం అయితే కాదు. 2011లో కలాథియా కేసులో నో డ్యూ సర్టిఫికెట్ ఒక్కటే క్లెయిమును చంపేయదని సుప్రీంకోర్టు అంది. కానీ సంతకం పెట్టిన చాన్నాళ్లకి "బలవంతం చేశారండీ" అంటే జడ్జి నమ్మడం కష్టం. వచ్చిన డబ్బు తీసుకోండి, మిగతా క్లెయిము వదులుకోలేదని ఆ రోజే స్పీడ్ పోస్టులో రాసి పంపి, రసీదు దాచుకోండి.