వీడియో ఆంధ్రాలో పెడితే ఒడిశాలో కేసు చెల్లదా?

నేను ఒడిశాలోని రాయగడలో వకీలుని. వైరల్ వీడియోల గొడవతో వచ్చే మన తెలుగువాళ్ళలో చాలామంది మొదట అనే మాట ఇదే: "పెట్టినవాడు ఆంధ్రా వాడు కదండీ, ఇక్కడ కేసు తీసుకోరట." ఈ పుకారు ఎవరు పుట్టించారో గానీ, దీని వల్ల జరిగే నష్టం అంతా ఇంతా కాదు.

అపోహ: పెట్టినవాడి ఊరికే వెళ్ళి ఫిర్యాదు ఇవ్వాలి.

వాస్తవం: అక్కర్లేదు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న బీఎన్‌ఎస్‌ఎస్ (పాత సీఆర్పీసీ స్థానంలో వచ్చిన చట్టం) 173వ సెక్షన్ ప్రకారం, కాగ్నిజబుల్ నేరం, అంటే వారంట్ లేకుండానే పోలీసులు అరెస్టు చేయగలిగే నేరం, ఎక్కడ జరిగినా మీ దగ్గరి స్టేషన్‌లో ఫిర్యాదు ఇవ్వచ్చు. జీరో ఎఫ్‌ఐఆర్ (తమ పరిధి కాకపోయినా రాసుకునే కేసు) కట్టి, సంబంధిత స్టేషన్‌కి వాళ్ళే పంపుతారు. తీసుకోకపోతే ఎస్పీకి పోస్టులో పంపండి.

గుణుపురం వైపు నుంచి ఒక తల్లీతండ్రీ వచ్చారు. చుట్టాల పెళ్ళిలో కూతురు వేసిన డాన్స్‌ని ఎవడో కత్తిరించి, మొహాన్ని వేరే ఒంటికి అతికించి రీల్ చేశాడు. సరిహద్దుకి ఇటు వెళ్తే అటు పొమ్మన్నారు, అటు వెళ్తే ఇటు పొమ్మన్నారు. నాలుగు రోజులు పోయాయి. లింకు అడిగితే ఆ తల్లి తలెత్తలేదు. "ఇంకెవరి కంటా పడకూడదని తుడిచేశాను బాబూ" అంది. తండ్రి జేబులోంచి మందుల చీటీ తీశాడు. దాని వెనక ఆ అకౌంటు పేరు తెలుగు అక్షరాల్లో, విన్నది విన్నట్టు రాసుకున్నాడు. మధ్యలో ఉన్నది చుక్కో, కింద గీతో ఎలా తెలుస్తుంది? పెళ్ళికి వచ్చిన పిల్లల ఫోన్లన్నీ వెతికించి, సాయంత్రానికి లింకు పట్టాం.

ఆ తల్లి భయం నాకు అర్థమవుతుంది. కానీ తుడిచేస్తే పోయేది మీ ఫోన్‌లోంచే, లోకంలోంచి కాదు. ముందు లింకు కాపీ చేసుకోండి, అకౌంటు పేరు, తేదీ కనిపించేలా స్క్రీన్‌షాట్ తీయండి. ఆ తర్వాతే మిగతా పని.

అపోహ: వైరల్ అయ్యాక ఇక తీయించలేం.

వాస్తవం: అన్ని కాపీలూ పోతాయని నేను మాటివ్వను. కానీ మార్ఫింగ్, నగ్న చిత్రాల మీద బాధితులే ఫిర్యాదు చేస్తే, ఐటీ నిబంధనల కింద కంపెనీలు గంటల్లోనే తొలగించాలి. సైబర్ క్రైమ్ పోర్టల్‌లో కూడా ఫిర్యాదు పెట్టండి. "డబ్బిస్తే డిలీట్ చేయిస్తా" అనేవాడికి మాత్రం రూపాయి ఇవ్వకండి. మళ్ళీ అడుగుతాడు.

అపోహ: నలుగురిలో తీసిన వీడియోకి అభ్యంతరం చెప్పలేం.

వాస్తవం: మామూలు డాన్స్ వీడియో దానంతట అదే నేరం కాకపోవచ్చు. అయినా యూట్యూబ్‌లో ప్రైవసీ ఫిర్యాదు చేసే వీలుంది. సంతలో అయినా సరే, ఒంటి రహస్య భాగాలు తీసి పెడితే ఐటీ చట్టం 66ఈ కింద మూడేళ్ళ వరకు జైలు.

ఫార్వర్డ్ చేస్తే తప్పేంటి అంటారా? పిల్లల అశ్లీల వీడియో పంపినా నేరమే, దాచుకున్నా నేరమే. "ఈ అమ్మాయి ఎవరో తెలుసా" అంటూ గ్రూపుల్లో వేయకండి. సలహా కోసం నాకు ఫోన్ చేసేవాళ్ళు కూడా వీడియో పంపకండి. లింకు చాలు.