మాటలు లేనిచోట రచయిత ఏం రాస్తాడు?

చిరంజీవులైన పిల్లలకు తాతయ్య ఆశీస్సులు.

మొన్న మనమంతా కూర్చుని సినిమా చూస్తుండగా, తెరమీద చాలాసేపు ఎవరూ మాట్లాడకపోయేసరికి, "ఇక్కడ రచయితకు పనేముంది తాతయ్యా?" అని మీలో చిన్నది అడిగింది. అప్పుడు నవ్వి ఊరుకున్నాను గాని, ఆ ప్రశ్న నన్ను వదల్లేదు.

ఇటలీలో చెజారే జవాటిని అనే రచయిత ఉండేవాడు. 1902లో పుట్టి, పత్రికల్లో పనిచేసి, సినిమాలకు వచ్చి, దర్శకుడు విట్టోరియో డి సికాతో సుమారు 30 ఏళ్లు కలిసి పనిచేశాడు. వారి 'ఉంబర్టో డి' (1952) పింఛను చాలని ఒక వృద్ధుడి కథ. ఆయన అద్దెకున్న ఇంట్లో మరియా అనే పనిపిల్ల ఉంటుంది. ఒక తెల్లవారుజామున ఆమె వంటగదిలోకి వచ్చి, గోడకు అగ్గిపుల్ల గీసి పొయ్యి వెలిగిస్తుంది, గోడమీది చీమల మీద నీళ్లు పోస్తుంది, కాఫీ గింజలు మరలో వేసి తిప్పుతూ, లేచే ఓపిక లేక, కూర్చున్నచోటి నుంచే కాలు చాచి తలుపు మూస్తుంది. పెళ్లికాని ఆ పిల్ల గర్భవతి. ఆ మాట అక్కడ ఎవరూ అనరు. ఆమె కళ్లలో మాత్రం నీళ్లు తిరుగుతాయి.

ఇటువంటి సన్నివేశం రాయడం పాలు తోడుపెట్టడం వంటిది. నా ఎనిమిదో ఏట, పాలు పెరుగయ్యే క్షణాన్ని కళ్లారా చూడాలని గిన్నె పక్కనే కూర్చుని, మాటిమాటికీ మూత తీసి గరిటెతో కదిపాను. తెల్లారేసరికి అది పాలూ కాలేదు, పెరుగూ కాలేదు. మా అమ్మ నా వీపు విమానం మోత మోగించింది. రచయిత వేసేది ఆ చెంచాడు తోడే. పాలు మరీ వేడిగా ఉంటే విరుగుతాయి, చల్లగా ఉంటే తోడుకోవు, "నాకు భయంగా ఉంది" అని పాత్ర చేత చెప్పిస్తే గరిటె పెట్టి కదిపినట్టే. దర్శకుణ్ణి గిన్నె అనుకోండి. ఆ వృద్ధుడికి ఒక కుక్క కూడా ఉంది. దాన్ని ఈ పోలికలో ఎక్కడ కట్టేయాలో తోచడం లేదు, పెరుగు దగ్గర మాత్రం వద్దు.

వృద్ధుడిగా వేసిన కార్లో బత్తిస్తి నటుడు కాదు, భాషాశాస్త్ర ఆచార్యుడు. మరియాగా వేసిన అమ్మాయికి అదే మొదటి సినిమా. అటువంటివారిని "బాధపడు" అంటే ఏం చేయగలరు? చేతికి ఒక పని ఇవ్వాలి. ఆ పని ఏదో కనిపెట్టడమే రచయిత కష్టం.

రేపు మీ ఇంట్లో అందరికంటే ముందు లేచేవారిని పది నిమిషాలు చప్పుడు చేయకుండా చూడండి. వారేమనుకున్నారో రాయవద్దు, ఏ చేత్తో ఏది తీశారో, ఎక్కడ ఒక్క క్షణం ఆగారో రాసి నాకు పంపండి.

ఇట్లు,
మీ తాతయ్య